రాబిన్ మిల్నర్ చేసిన పనేమిటి? ఎంఎల్ అనే ప్రోగ్రామింగ్ భాషకీ లాజిక్‌కీ లంకె ఎక్కడుంది?

మీరు అడిగినవి మూడు. "టైపులంటే ప్రతిపాదనలు, ప్రోగ్రాములంటే రుజువులు" అని క్లాసులో చెప్పారట, బ్రిటిష్ కంప్యూటర్ శాస్త్రవేత్త మిల్నర్‌కి ట్యూరింగ్ అవార్డు (కంప్యూటర్ సైన్స్‌లో అతి పెద్ద బహుమతి) ఇచ్చింది దానికేనా అన్నది మొదటిది. ఎంఎల్ కుటుంబానికే చెందిన ఓకామ్ల్ భాషలో మనం ఎక్కడా టైపు (విలువ అంకెనా, స్ట్రింగా, ఫంక్షనా అని చెప్పే రకం) రాయకపోయినా కంపైలర్ ఎలా పట్టేస్తుంది, కోడ్‌లో రెఫ్ (మార్చగలిగే విలువ) ఏదీ లేకపోయినా మధ్యమధ్యలో "వీక్1" అని వింతగా కనబడేదేమిటి అన్నది రెండోది. ఇదంతా ఎంటెక్ ప్రాజెక్టుకి పనికొస్తుందా అన్నది మూడోది. కంపైలర్ల మీదా రుజువుల సాఫ్ట్‌వేర్ మీదా చాలా ఏళ్లుగా పనిచేస్తున్నాను కాబట్టి కాస్త వివరంగానే రాస్తాను. ఓపిగ్గా చదవండి.

మొదటిదానికి సూటి జవాబు: కాదు.

మీ సార్ చెప్పిన సూత్రం కరీ, హోవర్డ్ అనే తర్కవేత్తల పేరు మీద ఉంది. హోవర్డ్ రాసిన నోట్సు 1969 నుంచి చేతులు మారుతూ తిరిగి, 1980లో అచ్చయింది. ఆ దారిలో వెళ్తే పేర్ మార్టిన్-లోఫ్ అనే తర్కవేత్త, ఆ తర్వాత కాక్ (ఇప్పుడు రాక్ అంటున్నారు), అగ్డా, లీన్ అనే రుజువుల సాఫ్ట్‌వేర్లు తగులుతాయి. మిల్నర్ వేసిన దారి వేరు. అందులో ఎడిన్‌బరో ఎల్‌సీఎఫ్, హాల్, ఇసబెల్, హాల్ లైట్ అనే రుజువుల సాఫ్ట్‌వేర్లు ఉన్నాయి. రెండు చోట్లా టైపు, రుజువు అనే మాటలే వినబడతాయి గనుక ఇంటర్నెట్‌లో సగం వ్యాసాలు రెండింటినీ కలిపేస్తున్నాయి.

తేడా ఇది. రాక్‌లోనో లీన్‌లోనో సిద్ధాంతం అంటే ఒక టైపు. ఆ టైపుకి చెందిన విలువను మీరు కట్టి చూపిస్తే అదే రుజువు. మిల్నర్ పద్ధతిలో సిద్ధాంతం అంటే ఒక విలువ. రెండు రెళ్లు నాలుగన్నా, ఫెర్మా సిద్ధాంతమన్నా రెండింటి టైపూ ఒకటే, "థీరమ్". అసలు ఎంఎల్ టైపుల్ని ప్రతిపాదనలుగా చదివితే ఏమవుతుందో మీరే చూడొచ్చు. ఎక్స్ తీసుకుని మళ్లీ తననే ఎక్స్‌తో పిలుచుకునే ఫంక్షన్ ఒకటి ఓకామ్ల్‌లో రాయండి. ఎప్పటికీ ఆగదు. కానీ దానికి కంపైలర్ ఇచ్చే టైపు ఆల్ఫా → బీటా, అంటే ఏ రకం విలువైనా తీసుకుని ఏ రకం విలువైనా ఇచ్చే ఫంక్షన్ అని. ప్రతిపాదనగా చదివితే "దేన్నుంచైనా ఏదైనా రుజువవుతుంది" అని. అలాంటి లాజిక్‌తో చేసేదేముంది?

మరి మిల్నర్ చేసిందేమిటి? ఇక్కడ కథ కొంచెం వెనక్కి వెళ్లాలి.

డేనా స్కాట్ 1969లో ప్రోగ్రాముల గురించి తర్కించడానికి ఒక లాజిక్ ప్రతిపాదించాడు. 1971-72 ప్రాంతంలో మిల్నర్ స్టాన్‌ఫర్డ్‌లో ఉండగా, రిచర్డ్ వేరాక్, మాల్కమ్ న్యూయీలతో కలిసి ఆ లాజిక్‌లో రుజువుల్ని మెషీన్‌తో సరిచూసే సాఫ్ట్‌వేర్ కట్టాడు. ఎల్‌సీఎఫ్ (లాజిక్ ఫర్ కంప్యూటబుల్ ఫంక్షన్స్) అన్న పేరు అప్పటిదే. మనిషి ఒక్కో అడుగూ కమాండుగా టైప్ చేస్తాడు, మెషీన్ ఆ అడుగు నియమం ప్రకారం ఉందో లేదో చూస్తుంది. పని చేసింది గానీ రెండు చిక్కులొచ్చాయి. రుజువులోని ప్రతి అడుగునీ దాచుకుంటూ పోతే మెమరీ నిండిపోయేది. రెండోది, ఉన్న కమాండ్లే ఉన్నాయి. ఒకే తరహా పది అడుగుల్ని పదే పదే వేయాల్సి వచ్చినా, వాటిని కలిపి కొత్త కమాండుగా చేసుకునే వీలు వాడేవాడికి లేదు.

వీలు ఇవ్వడం కష్టమేం కాదు, ప్రోగ్రామింగ్ చేసుకోనిస్తే సరి. కానీ ప్రోగ్రామ్ రాసుకోనిస్తే, ఎవడో ఒకడు తప్పు కోడ్ రాసి, సున్నా ఒకటికి సమానం అని "రుజువు" చేసేస్తాడు. కావాలని కాకపోయినా బగ్ వల్ల. స్వేచ్ఛ ఇవ్వాలి, మోసం జరక్కూడదు. 1973లో ఎడిన్‌బరో వెళ్లాక మిల్నర్ తలపడింది ఈ చిక్కుతోనే. అక్కడ అతనితో పనిచేసినవాళ్లు లాక్‌వుడ్ మోరిస్, న్యూయీ, తర్వాత మైకేల్ గోర్డన్, క్రిస్ వాడ్స్‌వర్త్.

అతను కనిపెట్టిన ఉపాయం ఇది. "థీరమ్" అనే టైపు ఒకటి పెట్టు. దాని లోపలి నిర్మాణం బయటివాళ్లకి కనబడకూడదు. ఆ టైపు విలువల్ని తయారుచేయగలిగేవి గుప్పెడు ఫంక్షన్లే, ఒక్కో ఇన్ఫరెన్స్ రూల్‌కి (తర్కంలో ఒక అడుగు వేయనిచ్చే నియమానికి) ఒక్కో ఫంక్షన్. మోడస్ పోనెన్స్ అనే ఫంక్షన్ రెండు థీరమ్‌లు తీసుకుంటుంది. మొదటిది "ఏ అయితే బీ" అనే రూపంలో ఉండి, రెండోది సరిగ్గా ఆ "ఏ"నే అయితే, "బీ" అనే థీరమ్ ఇస్తుంది, లేకపోతే ఎక్సెప్షన్ (కుదరలేదనే సంకేతం) విసురుతుంది. అంతే. మిగతా ప్రోగ్రామ్ మీ ఇష్టం వచ్చినట్టు రాసుకోండి. టైప్‌చెకర్ గట్టిగా ఉన్నంతకాలం, మీ చేతిలోకి థీరమ్ టైపు విలువ వచ్చిందంటే అది ఆ ఫంక్షన్ల గుండా వచ్చి తీరాలి. సబ్ రిజిస్ట్రార్ ఆఫీసులో దస్తావేజు ఏ డాక్యుమెంట్ రైటరైనా రాయొచ్చు, ముద్ర మాత్రం లోపలి నుంచే పడాలి. అలాంటి ఏర్పాటే ఇది.

దీంతో మెమరీ చిక్కు కూడా దానంతటదే విడిపోయింది. థీరమ్ పుట్టిందంటే సరైన దారిలోనే పుట్టినట్టు. కాబట్టి ఆ దారిని దాచుకోనక్కర్లేదు. రుజువు అడుగుల్ని పారేసి, ఫలితాన్ని మాత్రం ఉంచుకోవచ్చు. ఒక్క దెబ్బకి రెండు చిక్కులూ తీరడం నాకు ఇప్పటికీ ముచ్చటేస్తుంది.

ఈ "థీరమ్" టైపుని కాపలా కాయడానికి ఒక భాష కావాలి. ఆ భాషే ఎంఎల్, అంటే మెటా లాంగ్వేజ్. లాజిక్ గురించి మాట్లాడే భాష కాబట్టి మెటా. మొదట అది లిస్ప్ మీద కట్టిన ఎల్‌సీఎఫ్‌లో ఒక భాగం, విడి భాష కానే కాదు. అందులో కనబడే ప్రతి సదుపాయానికీ ఒక అవసరం ఉంది. ఫంక్షన్లని విలువలుగా ఎందుకు పంపించుకోవాలి? ట్యాక్టిక్స్ కోసం. ట్యాక్టిక్ అనేది ఒక లక్ష్యాన్ని తీసుకుని, దాన్ని చిన్న లక్ష్యాలుగా విడగొట్టి, వాటి లిస్టుతో పాటు ఒక ఫంక్షన్‌ని కూడా తిరిగి ఇస్తుంది. చిన్న లక్ష్యాలకు థీరమ్‌లు దొరికాక వాటిని ఆ ఫంక్షన్‌కి ఇస్తే, పెద్ద లక్ష్యానికి థీరమ్ కట్టి ఇస్తుంది. "ఇది చేశాక అది", "ఇది కుదరకపోతే అది", "కుదిరినంతసేపూ ఇదే" అని ట్యాక్టిక్‌లను కలిపే ఫంక్షన్లు వాటిపైన. ఎక్సెప్షన్లు ఎందుకు? ట్యాక్టిక్ విఫలమైతే ఇంకోటి ప్రయత్నించడానికి. ట్యాక్టిక్‌లో బగ్ ఉంటే మీ రుజువు ఆగిపోతుంది, లేదా మీరు అడిగింది కాక వేరే థీరమ్ వస్తుంది. అబద్ధం మాత్రం రాదు.

ఇప్పుడు మీ రెండో ప్రశ్న. ఇంత కచ్చితమైన టైపులు కావాలంటే, ట్యాక్టిక్ రాసే మనిషి ప్రతి చోటా టైపులు రాస్తూ కూర్చోవాలా? లిస్టుల మీద పనిచేసే ఒకే ఫంక్షన్‌ని అంకెల లిస్టుకొకటి, థీరమ్‌ల లిస్టుకొకటి అని మళ్లీ మళ్లీ రాయాలా? 1978లో మిల్నర్ ప్రచురించిన టైప్ పాలిమార్ఫిజమ్ (ఒకే కోడ్ పలు టైపుల మీద పనిచేయడం) పేపరు దీనికి జవాబు. పద్ధతిని ఒక చిన్న ఫంక్షన్ మీద చేసి చూపిస్తాను.

"ట్వైస్" అనే ఫంక్షన్ ఎఫ్‌నీ ఎక్స్‌నీ తీసుకుని, ఎక్స్ మీద ఎఫ్‌ని రెండుసార్లు వేస్తుంది: ఎఫ్ (ఎఫ్ ఎక్స్). టైపులేవీ తెలియవు. ఎక్స్‌కి ఆల్ఫా అని పేరు పెడదాం. లోపలి ఎఫ్‌కి ఎక్స్ అందుతోంది, కాబట్టి ఎఫ్ ఆల్ఫా తీసుకుని ఏదో ఇస్తుంది, ఆ ఏదోని బీటా అందాం. ఎఫ్ టైపు ఆల్ఫా → బీటా. ఇప్పుడు బయటి ఎఫ్‌కి అందుతున్నది బీటా. కానీ ఎఫ్ తీసుకునేది ఆల్ఫా. రెండూ ఒకటైతేనే కుదురుతుంది, కాబట్టి బీటా = ఆల్ఫా. చివరికి ట్వైస్ టైపు (ఆల్ఫా → ఆల్ఫా) → ఆల్ఫా → ఆల్ఫా. ఆల్ఫా ఏమిటో తేల్చమని ఇంకెవరూ అడగలేదు, కాబట్టి అది ఏదైనా కావచ్చు. కంపైలర్ చేసేది కూడా అక్షరాలా ఇదే: తెలియనిచోట కొత్త పేరు పెట్టడం, వాడిన తీరుని బట్టి సమీకరణాలు రాసుకోవడం, వాటిని సాధించడం. సాధించే పద్ధతి యూనిఫికేషన్, 1965లో జాన్ అలన్ రాబిన్సన్ ఆటోమేటిక్ రుజువుల కోసం చేసినది. టైపుల దగ్గరికి కూడా అది లాజిక్ వాళ్ల ఇంటి నుంచే వచ్చింది.

అదే లెక్కలో, ఎక్స్‌ని ఎక్స్ మీదే వేస్తే ఏమవుతుందో చూడండి. ఎక్స్ టైపు ఆల్ఫా, అదే ఆల్ఫా → బీటా కూడా కావాలి. ఆల్ఫా లోపల ఆల్ఫా, దాని లోపల మళ్లీ ఆల్ఫా, అంతు ఉండదు. కంపైలర్ అక్కడే ఆపి తిడుతుంది. ఓకామ్ల్‌లో మీకు ఎప్పుడైనా ఇలాంటి ఎర్రర్ వస్తే, తొంభై శాతం కేసుల్లో ఏదో ఒక ఆర్గ్యుమెంట్ ఎక్కువో తక్కువో ఇచ్చి ఉంటారు.

ఈ పద్ధతితో వచ్చే టైపు ఆ ప్రోగ్రామ్‌కి ఉండగల టైపులన్నిటిలోకీ అతి సాధారణమైనదని లూయిస్ డమాస్, మిల్నర్ కలిసి 1982లో చూపించారు. కాంబినేటరీ లాజిక్‌లో (వేరియబుల్స్ లేకుండా ఫంక్షన్లతోనే నడిచే లాజిక్) రోజర్ హిండ్లీ 1969లోనే ఇలాంటి ఫలితం తెచ్చాడు. మిల్నర్‌కి ఆ సంగతి తెలియకుండానే తన దారిన తాను వచ్చాడు. అందుకే పాఠ్యపుస్తకాల్లో హిండ్లీ-మిల్నర్ అనో, డమాస్-మిల్నర్ అనో కనబడుతుంది. జావా 10లో (2018) వచ్చిన "వార్" అనే కీవర్డ్‌ని చూపించి "జావాకీ టైప్ ఇన్ఫరెన్స్ (టైపుల్ని కంపైలరే కనిపెట్టడం) వచ్చేసింది" అనేవాళ్లున్నారు. అది కుడివైపున్న దాని టైపు చూసి ఎడమవైపు అతికించడం. ఫంక్షన్ ఆర్గ్యుమెంట్లకి పనిచేయదు. రస్ట్ భాష మిల్నర్ పద్ధతికి ఇంకొంచెం దగ్గర, దాని మొదటి కంపైలర్ రాసింది కూడా ఓకామ్ల్‌లోనే. అయినా ఫంక్షన్ హెడర్లో టైపులు రాయమని రస్ట్ పట్టుబడుతుంది, అది వాళ్లు కావాలని తీసుకున్న నిర్ణయం. పెద్ద కోడ్‌బేసుల్లో ఎర్రర్ మెసేజులు చదివినవాడిగా నాకైతే అదే మంచిదనిపిస్తుంది.

ఒక పరిమితి ఉంది, ప్రాజెక్టుకి పనికొస్తుంది గనుక గుర్తుంచుకోండి. "లెట్"తో పేరు పెట్టిన ఫంక్షన్‌నే ఒకసారి అంకెమీదా, ఒకసారి బూలియన్ మీదా వాడొచ్చు. అదే ఫంక్షన్‌ని ఆర్గ్యుమెంటుగా తీసుకుని లోపల రెండు రకాలుగా వాడబోతే కుదరదు. మిల్నర్ గీత అక్కడ గీశాడు. గీత చెరిపేసి ఎక్కడపడితే అక్కడ పాలిమార్ఫిజమ్ కావాలంటే అది గిరార్డ్, రెనాల్డ్స్‌ల సిస్టమ్ ఎఫ్ అవుతుంది. అందులో టైపుల్ని పూర్తిగా మెషీనే కనిపెట్టడం అసాధ్యమని జో వెల్స్ 1994లో రుజువు చేశాడు. గీత ఎంత సరైనచోట పడిందో దాన్ని బట్టి తెలుస్తుంది.

"సరిగా టైపయిన ప్రోగ్రామ్ తప్పుదారి పట్టదు" అన్న నినాదం కూడా ఆ 1978 పేపరుదే. దాన్ని అతిగా చదవకండి. అక్కడ "తప్పు" అనేది సెమాంటిక్స్‌లో (ప్రోగ్రామ్ అర్థాన్ని గణితంలో చెప్పే నిర్వచనంలో) ప్రత్యేకంగా పెట్టిన ఒక విలువ. అంకెని ఫంక్షన్‌లా పిలవడం, బూలియన్‌కి అంకెని కలపడం లాంటివి చేస్తే వచ్చే విలువ అది. అలాంటిది రాదని మాత్రమే ఆ సిద్ధాంతం. సున్నాతో భాగిస్తే ఎక్సెప్షన్ వస్తుంది, లూపు ఆగకపోవచ్చు, శాలరీ లెక్క తప్పు రావచ్చు. వాటికి ఆ సిద్ధాంతం పూచీ లేదు.

ఇక "వీక్1". ఓకామ్ల్ తెరిచి, ఖాళీ లిస్టుతో ఒక రెఫ్ చేయండి. "వీక్1 లిస్ట్ రెఫ్" అని చూపిస్తుంది. ఎందుకు ఆల్ఫా అనలేదు? అని ఉంటే, అదే రెఫ్‌ని అంకెల లిస్టు అనుకుని అందులో 5 పెట్టి, తర్వాత స్ట్రింగుల లిస్టు అనుకుని బయటికి తీయొచ్చు. టైప్‌చెకర్ ఒప్పుకుంటుంది, ప్రోగ్రామ్ కుప్పకూలుతుంది. మార్చగలిగే విలువలూ పాలిమార్ఫిజమూ కలిస్తే పడే చిల్లు ఇది. 1990లో వచ్చిన స్టాండర్డ్ ఎంఎల్ నిర్వచనంలో (మిల్నర్, టోఫ్ట, హార్పర్) రెఫ్‌ల కోసం వేరే జాతి టైప్ వేరియబుల్స్ పెట్టారు, చదివేవాళ్లకి తలనొప్పి. 1995లో ఆండ్రూ రైట్ తేలిక దారి చూపించాడు: కుడివైపు ఉన్నది అప్పటికే విలువ అయితేనే ఆల్ఫాలు ఇవ్వు, ఇంకా లెక్క కట్టాల్సిన ఫంక్షన్ కాల్ అయితే ఇవ్వకు. 1997 సవరణలో అదే ఖాయమైంది. "వీక్1" అంటే "ఒకే ఒక్క టైపు, అదేమిటో ఇంకా తేలలేదు" అని. మీరు 5 పెట్టిన మరుక్షణం అది ఇంట్ అయిపోతుంది.

మీ కోడ్‌లో రెఫ్ లేదన్నారు కాబట్టి, లిస్ట్ మ్యాప్‌కి (లిస్టులో ప్రతిదాని మీదా ఒక ఫంక్షన్‌ని వేసేది) ఒక ఆర్గ్యుమెంటే ఇచ్చి ఫలితానికి పేరు పెట్టి ఉంటారని నా అనుమానం. కుడివైపు ఫంక్షన్ కాల్ ఉంది, లోపల రెఫ్ ఉందో లేదో కంపైలర్ తొంగి చూడదు. లిస్టుని కూడా ఆర్గ్యుమెంటుగా రాసేయండి, ఆల్ఫా వచ్చేస్తుంది.

ఈ చిల్లు గొడవ భాషల వాళ్ల చాదస్తం అనుకోకండి. ఎల్‌సీఎఫ్ పద్ధతిలో టైపు వ్యవస్థకి చిల్లు పడితే అబద్ధపు థీరమ్ తయారుచేయొచ్చు. ఇలాంటిది నిజంగానే ఉండేది కూడా. జాన్ హారిసన్ రాసిన హాల్ లైట్ ఓకామ్ల్‌లో నడుస్తుంది. దాని కెర్నెల్ (థీరమ్‌లు తయారుచేసే లోపలి భాగం) దాదాపు 400 లైన్లే, మూల నియమాలు 10. కాగితం మీద చూస్తే ఎక్కడా వంక పెట్టలేం. కానీ అప్పట్లో ఓకామ్ల్ స్ట్రింగుల్లో అక్షరాల్ని మార్చే వీలుండేది. థీరమ్ రుజువయ్యాక, అందులో ఉన్న ఒక స్థిరాంకం పేరు తాలూకు స్ట్రింగుని పట్టుకుని అక్షరం మార్చేస్తే థీరమ్ అర్థమే మారిపోయేది. నియమాలన్నీ సరిగ్గానే ఉన్నాయి, ముట్టుకోకూడనిదాన్ని భాష ముట్టుకోనిచ్చింది. స్ట్రింగుల్ని మార్చలేనివిగా చేసే ఆప్షన్ ఓకామ్ల్ 4.02తో (2014) వచ్చి, 4.06 నుంచి (2017) మామూలు పద్ధతి అయింది.

ఈ పద్ధతి మీద ఏం కట్టారో రెండు ముక్కల్లో. పెంటియం చిప్ భాగహారంలో తప్పు 1994లో బయటపడి ఇంటెల్‌కి 47.5 కోట్ల డాలర్ల దెబ్బ తగిలింది. తర్వాత హారిసన్ ఇంటెల్‌లో చేరి ఫ్లోటింగ్ పాయింట్ అల్గారిథమ్‌లను హాల్ లైట్‌లో రుజువు చేశాడు. 2009లో ఎస్ఈఎల్4 అనే ఆపరేటింగ్ సిస్టమ్ కెర్నెల్‌లోని దాదాపు 8,700 లైన్ల సీ కోడ్ తన నిర్దేశం ప్రకారమే నడుస్తుందని ఇసబెల్‌లో చూపించారు. రుజువు సుమారు 2 లక్షల లైన్లు. అన్ని లక్షల లైన్లని మనుషులు చదివి నమ్మనక్కర్లేదు, రుజువుల్ని సరిచూసే చిన్న కెర్నెల్‌ని నమ్మితే చాలు అన్నదే 1970ల్లో ఎడిన్‌బరోలో పెట్టుకున్న పందెం.

ట్యూరింగ్ అవార్డు 1991లో వచ్చింది. ఎల్‌సీఎఫ్, ఎంఎల్‌లతో పాటు సీసీఎస్ అనే మూడో పనినీ కమిటీ పేర్కొంది. ఒకదానితో ఒకటి మాట్లాడుకుంటూ సమాంతరంగా నడిచే ప్రోగ్రాముల గణితం అది, 1980 నాటిది. 1992లో పారో, వాకర్‌లతో కలిసి దాన్ని పై-కాల్కులస్‌గా పెంచాడు. మీ ప్రశ్నకి అది దూరం కాబట్టి వదిలేస్తున్నాను. అన్నట్టు, ఇంత చేసినాయన పీహెచ్‌డీ చేయలేదు. ఎంటెక్ తర్వాత పీహెచ్‌డీ చేయాలా వద్దా అన్న వాదనకి మాత్రం దీన్ని వాడుకోకండి, ఆ కాలం వేరు.

మూడో ప్రశ్న. ఉద్యోగ ప్రకటనల్లో ఓకామ్ల్ అని వెతికితే మీకు నిరాశే. కానీ హైదరాబాద్, బెంగళూరుల్లోని చిప్ కంపెనీల్లో ఫార్మల్ వెరిఫికేషన్ (డిజైన్‌ని గణిత రుజువుతో సరిచూడడం) టీములు, కంపైలర్ టీములు ఉన్నాయి, వాళ్లకి ఇది తెలిసిన మనిషి దొరకడం కష్టం. పరిశోధన వైపు అయితే మన దగ్గరే గట్టి పని జరుగుతోంది. 2022 డిసెంబరులో వచ్చిన ఓకామ్ల్ 5.0లో ఒకేసారి పలు కోర్ల మీద నడిచే సదుపాయం వెనక ఐఐటీ మద్రాసుకు చెందిన కె.సి. శివరామకృష్ణన్ ఉన్నారు.

ప్రాజెక్టుగా ఇలా చేయమంటాను. స్టాండర్డ్ ఎంఎల్ నిర్వచనంతో మొదలుపెట్టొద్దు, అది చదివి నేర్చుకునే పుస్తకం కాదు, వివాదం వచ్చినప్పుడు తెరిచి చూసేది. ముందు ఎల్‌సీఎఫ్ కెర్నెల్ రాయండి: "అయితే" ఒక్కటే ఉన్న లాజిక్, నియమాలు మూడు (ఊహ తీసుకోవడం, ఊహని తీసి "అయితే"గా మార్చడం, మోడస్ పోనెన్స్), థీరమ్ టైపు మాడ్యూల్ లోపల దాచిపెట్టి. ఓకామ్ల్‌లో వంద లైన్లు దాటదు. తర్వాత స్నేహితుడికిచ్చి మాడ్యూల్ బయటి నుంచి అబద్ధపు థీరమ్ తయారుచేయమనండి. "ఆబ్జ్ మ్యాజిక్" వాడితే చేసేస్తాడు, అది టైప్‌చెకర్‌ని పక్కకి నెట్టే దొంగదారి కాబట్టి నిషేధించండి. ఆ పైన అదే భాషలో చిన్న టైప్ ఇన్ఫరెన్స్ రాయండి: వేరియబుల్, ఫంక్షన్, అప్లికేషన్, లెట్, అంకెలు చాలు. యూనిఫికేషన్ ఒక సాయంత్రంలో అయిపోతుంది. అందరూ తడబడేది లెట్ దగ్గర, ఏ వేరియబుల్‌ని ఆల్ఫాగా విడుదల చేయాలన్న చోట. చుట్టూ ఉన్న ఎన్విరాన్‌మెంట్‌లో (అప్పటికి తెలిసిన పేర్ల, టైపుల పట్టికలో) ఇంకా వాడుకలో ఉన్నవాటిని విడుదల చేయకూడదు. దీనికి ఒక పరీక్ష ఉంది: ఎక్స్ తీసుకుని, లోపల "లెట్ వై = ఎక్స్" అని రాసి, వై తిరిగి ఇచ్చే ఫంక్షన్‌ని మీ ప్రోగ్రామ్‌కి ఇవ్వండి. ఆల్ఫా → ఆల్ఫా రావాలి. ఆల్ఫా → బీటా వస్తే మీరు పొరపాటున ఎక్స్ తాలూకు వేరియబుల్‌ని వదిలేశారు. ఆ కోడ్ ఇక్కడ పెట్టండి, చూసి చెప్తాను.